కెమెరా వెనకాల ఇద్దరు: తూర్పు ఆఫ్రికా వార్తలను ప్రపంచానికి చూపించినవాళ్లు

1984 అక్టోబర్ 23న బీబీసీ వార్తల్లో ఇథియోపియా కరువు గురించి ఒక కథనం వచ్చింది. నిడివి సుమారు ఏడు నిమిషాలు. ఉత్తర ఇథియోపియాలో కోరెమ్ అనే చిన్న ఊరు, దాని బయట మైదానం, తెల్లవారుజాము చలి. ఆ చలిలో గుడ్డపేలికలు కప్పుకుని నేలమీద వేలాది మంది. కొందరు కదులుతున్నారు, కొందరు కదలడం లేదు. విజ్‌న్యూస్ అనే ఏజెన్సీ ద్వారా ఆ దృశ్యాలు 425 టీవీ స్టేషన్లకు చేరాయి. 47 కోట్ల మంది చూసి ఉంటారని అప్పట్లో అంచనా వేశారు. ఆ రాత్రి ఇంట్లో టీవీ ముందు కూర్చుని చూసినవాళ్లలో బాబ్ గెల్డాఫ్ అనే ఐరిష్ గాయకుడు ఒకడు. ఆ ఏడాది చివర్లో వచ్చిన బ్యాండ్ ఎయిడ్ రికార్డు, 1985 జులై 13న లండన్‌లో, ఫిలడెల్ఫియాలో ఒకేరోజు జరిగిన లైవ్ ఎయిడ్ కచేరీలు, వాటితో వచ్చిన కోట్ల విరాళాలు అన్నీ ఆ ఏడు నిమిషాల తర్వాతే.

ఆ కథనం ఎవరిది అని అడిగితే చాలామంది చెప్పే పేరు మైకేల్ బర్క్. బీబీసీ విలేఖరి ఆయన. వినిపించే గొంతు ఆయనదే, రాసింది ఆయనే, బాగా రాశారు కూడా. ఆ దృశ్యాలు తీసింది మాత్రం మొహమ్మద్ అమీన్ అనే కెన్యా కెమెరామన్. తెలిసినవాళ్లంతా ఆయన్ని 'మో' అని పిలిచేవారు. కాస్త ఆసక్తి ఉన్నవాళ్లకు ఈ పేరు కూడా తెలిసే ఉంటుంది. అదే అమీన్ పక్కన మైకు పట్టుకుని తిరిగి, 1991లో ఇథియోపియా రాజధాని అడిస్ అబాబాలో చనిపోయిన సౌండ్ రికార్డిస్ట్ జాన్ మాథై పేరు ఎంతమందికి తెలుసు?

ఇద్దరూ చేసింది ఒకే ఉద్యోగంలో రెండు సగాలు. ఒకే చోట నిలబడ్డారు, ఒకే ప్రమాదంలో చిక్కుకున్నారు. ఒకరి గురించి పుస్తకాలు వచ్చాయి. ఇంకొకరి గురించి దొరికేది రెండు మూడు వాక్యాలు. ఈ తేడాను ధైర్యంతోనో ప్రతిభతోనో వివరించలేం. వార్తా దృశ్యాల వ్యాపారం ఎలా నడుస్తుందో తెలిస్తే ఇది అర్థమవుతుంది. అందుకే అమీన్ కెరీర్‌ను ఆ వైపు నుంచి చూడాలి.

ముందు ఏజెన్సీ సంగతి. విజ్‌న్యూస్ చేసింది వార్తా దృశ్యాల టోకు వ్యాపారం. 1957లో మొదలైంది, బీబీసీ, రాయిటర్స్ వంటి సంస్థలకు అందులో వాటాలు ఉండేవి, చివరికి 1992లో అది రాయిటర్స్ టెలివిజన్‌గా మారింది. ఏజెన్సీ కెమెరామన్ తీసిన ఫుటేజ్‌ను చందా కట్టిన స్టేషన్లన్నీ తీసుకుంటాయి. ఎవరికి వాళ్లు తమ విలేఖరి గొంతు, తమ భాష, తమ లోగో పెట్టుకుంటారు. ఫుటేజ్‌తోపాటు డోప్ షీట్ అనే కాగితం వెళ్తుంది. ఏ షాట్‌లో ఏముంది, ఎక్కడ, ఏ తేదీన, కనిపిస్తున్న మనిషి ఎవరు అన్నీ అందులో కెమెరామన్ రాస్తాడు. స్టూడియోలో కూర్చున్నవాడు వార్త రాసేది ఆ కాగితం చూసే. అంటే సగం రిపోర్టింగ్ కెమెరామనే చేసేస్తాడు. తెరమీద మాత్రం ఆయన పేరు ఉండదు. మన దగ్గర మండలాల్లో పనిచేసే స్ట్రింగర్లకు ఈ పద్ధతి కొత్తగా చెప్పక్కర్లేదు. విజువల్స్ వాళ్లవి, వాయిస్ హైదరాబాద్‌లో ఇంకెవరిదో.

అలాంటి వ్యవస్థలో పేరు తెచ్చుకోవాలంటే దృశ్యం తీయడం ఒక్కటే చాలదు. అమీన్‌కు అది చాలా చిన్న వయసులోనే తెలిసిపోయింది.

ఆయన 1943 ఆగస్టులో నైరోబీలోని ఈస్ట్‌లీ ప్రాంతంలో పుట్టారు. పంజాబీ ముస్లిం కుటుంబం, తండ్రి రైల్వే ఉద్యోగి. తూర్పు ఆఫ్రికాలో భారతీయ మూలాలున్న కుటుంబాల కథల్లో రైలు తరచూ కనిపిస్తుంది. 1896 నుంచి 1901 దాకా మొంబాసా నుంచి విక్టోరియా సరస్సు వైపు బ్రిటిష్ ప్రభుత్వం వేసిన రైలుమార్గం కోసం సుమారు 32,000 మంది కూలీలను భారతదేశం నుంచి తీసుకెళ్లారు. ఎక్కువమంది తిరిగి వచ్చేశారు, కొన్ని వేలమంది ఉండిపోయారు, తర్వాత ఉద్యోగాల కోసం, వ్యాపారం కోసం ఇంకా ఎందరో వెళ్లారు. అమీన్ బాల్యం ఎక్కువగా టాంగన్యికా (ఇప్పటి టాంజానియా)లోని దార్ ఎస్ సలామ్‌లో గడిచింది. బడిలో ఉండగానే ఒక పాత బాక్స్ బ్రౌనీ కెమెరా సంపాదించి ఫొటోలు తీయడం మొదలుపెట్టారు. 1963లో, ఇరవై ఏళ్లయినా నిండకముందో అప్పుడే నిండాకో, కెమెరాపిక్స్ పేరుతో సొంత సంస్థ పెట్టారు.

ఈ సొంత సంస్థే మొత్తం కథకు మూలం. ఉద్యోగం వెతుక్కోవాల్సిన వయసులో ఆయన దుకాణం తెరిచారు. వార్త ఎక్కడ ఉంటే అక్కడికి సినిమా కెమెరాతోపాటు స్టిల్ కెమెరాలు కూడా తీసుకెళ్లేవారు. కదిలే దృశ్యాలు ఏజెన్సీకి, ఫొటోలు తన సంస్థకు. టీవీ ఫుటేజ్ ఒకసారి ప్రసారమయ్యాక ఇంకొకరి ఆస్తి. ఫొటో నెగెటివ్ మాత్రం సొంత బీరువాలో ఉంటుంది. పదేళ్ల తర్వాత పుస్తకం వేయొచ్చు, పత్రికకు అమ్మొచ్చు, క్యాలెండర్ చేయొచ్చు. కెమెరాపిక్స్ తర్వాతి కాలంలో తూర్పు ఆఫ్రికా మీద, మక్కా యాత్ర మీద, పాకిస్తాన్ మీద పెద్ద పెద్ద ఫొటో పుస్తకాలు వేసింది. ఇథియోపియన్ ఎయిర్‌లైన్స్ విమానాల్లో ఇచ్చే 'సెలామ్టా' పత్రికను కూడా ఆ సంస్థే తయారుచేసేది. యుద్ధాలు, కరువులు తీసిన మనిషి ఇంటి ఖర్చులు, ఆఫీసు అద్దె ఇలాంటి పనుల మీద కూడా గడిచేవి. కెమెరామన్ల జీవితాల గురించి రాసేవాళ్లు ఈ భాగాన్ని దాటేస్తుంటారు, నాకు మాత్రం ఇదే అసలు పాఠంలా కనిపిస్తుంది.

1964 జనవరి 12న జాంజిబార్‌లో విప్లవం వచ్చింది, సుల్తాన్ పారిపోయాడు, ఎంతోమంది అరబ్బులు, ఆసియన్లు చనిపోయారు. అమీన్ అక్కడికి వెళ్లి చిత్రీకరించారు. రెండేళ్ల తర్వాత మళ్లీ జాంజిబార్‌లో పనిచేస్తుండగా పట్టుకుని సుమారు నెల రోజులు జైల్లో పెట్టారు, హింసించారు, చివరికి కెన్యాకు పంపేశారు. అప్పటి నుంచి నైరోబీయే స్థావరం. 1969 జులై 5న కెన్యా మంత్రి టామ్ ఎంబోయాను నైరోబీ నడిబొడ్డున, గవర్నమెంట్ రోడ్డులో ఒక మందుల దుకాణం బయట కాల్చి చంపారు. ఇప్పుడా వీధి పేరు మోయ్ ఎవెన్యూ. కబురు తెలిసిన కొద్దిసేపటికే అమీన్ అక్కడ ఉన్నారు. ఆ చిత్రీకరణకు బ్రిటన్‌లో ఆ ఏటి మేటి టీవీ కెమెరామన్ పురస్కారం వచ్చింది. 1972లో ఉగాండాలో నియంత ఇదీ అమీన్ ఆసియన్లకు 90 రోజుల గడువిచ్చి వెళ్లిపొమ్మన్నప్పుడు, ఆ వార్త కూడా ఈ అమీన్‌కు పనే. తానూ అదే వలస సమాజం మనిషి.

ఇప్పుడు ఆ రోజుల్లో పని ఎలా జరిగేదో చెప్పాలి. ఎందుకంటే సౌండ్ మనిషి ఎందుకు పుట్టాడో, ఎందుకు మాయమయ్యాడో పరికరాల్లోనే ఉంది.

1960ల్లో వార్తల కోసం వాడిన 16 ఎంఎం కెమెరాల్లో బోలెక్స్ వంటివి చాలా వరకు తాళం తిప్పి నడిపేవి. ఒకసారి తాళమిస్తే అరనిమిషం లోపే ఆగిపోతుంది. వంద అడుగుల రీలు మొత్తం కలిపితే రెండు నిమిషాల 45 సెకన్లు. అందుకని కెమెరామన్ షూట్ చేస్తూనే మనసులో ఎడిటింగ్ చేసుకోవాలి. శబ్దం ఉండదు. దూరంగా తుపాకులు పేలుతున్నా, పక్కనే జనం కేకలు వేస్తున్నా ఫిల్మ్ మూగదే. లండన్‌లో ఎవరో పాత టేపుల్లోంచి గుంపు కేకలు తీసి అతికిస్తారు.

శబ్దం కూడా అక్కడిదే కావాలంటే రెండు దారులు. ఒకటి, ఫిల్మ్ అంచున సన్నని అయస్కాంత పట్టీ పూసి దానిమీదే రికార్డు చేయడం. వార్తలకు ఇదే ఎక్కువ వాడారు, ఫిల్మ్ కడగగానే శబ్దం సిద్ధంగా ఉంటుంది కాబట్టి. దీంట్లో ఒక చిక్కు ఉంది. ఫిల్మ్ లెన్స్ వెనక ఆగి ఆగి కదులుతుంది, శబ్దం రికార్డయ్యే చోట మాత్రం ఆగకుండా సాఫీగా జారాలి. ఆ రెండూ ఒకే చోట కుదరవు. అందువల్ల శబ్దం దాని బొమ్మకంటే 28 ఫ్రేములు ముందు ఉంటుంది. సెకనుకు 25 ఫ్రేముల లెక్కన ఒక సెకను పైచిలుకు. బొమ్మ దగ్గర కోస్తే మాట తెగుతుంది, మాట దగ్గర కోస్తే బొమ్మలో పెదాలు ఊరికే కదులుతుంటాయి. అనుభవమున్న సౌండ్ రికార్డిస్టు, విలేఖరి ప్రశ్నకూ జవాబుకూ మధ్య ఒక్క క్షణం ఆగమని అడిగేది ఇందుకే.

రెండో దారి, శబ్దాన్ని వేరే యంత్రం మీద రికార్డు చేసి తర్వాత కలపడం. స్విట్జర్లాండ్‌లో స్టెఫాన్ కుడెల్స్కీ తయారుచేసిన నాగ్రా రికార్డర్ డాక్యుమెంటరీలకు, సినిమాలకు దాదాపు ప్రమాణమైపోయింది. భుజానికి తగిలించుకుని తిరగగలిగే యంత్రమది. క్లాప్ బోర్డు అవసరం ఇక్కడే: చెక్కలు కలిసే ఫ్రేమూ, 'టప్' మనే శబ్దమూ ఒకచోటికి తెస్తే మిగతాదంతా కుదురుకుంటుంది.

తర్వాత 1970ల్లో వీడియో వచ్చింది. యూమాటిక్ క్యాసెట్లు, మోసుకెళ్లగలిగే రికార్డర్లు. కెమెరా ఒకరి భుజం మీద, రికార్డర్ ఇంకొకరి భుజం మీద, రెండింటికీ మధ్య కేబుల్. ఇక్కడ సౌండ్ మనిషి పాత్ర నిజంగా పెద్దదైంది. బొమ్మా శబ్దమూ రెండూ అతని దగ్గరున్న యంత్రంలోనే రికార్డవుతాయి. టేపు తిరుగుతోందా, బ్యాటరీ ఎంత ఉంది, శబ్దం మోతాదు మించి పగులుతోందా అని చూసుకోవాల్సింది అతనే. మైకు గురిపెట్టాలి, గాలి శబ్దం పడకుండా దానికి బొచ్చు తొడుగు వేయాలి, పక్కన జనరేటర్ మోగుతుంటే దాన్ని ఎక్కడికి జరిపించాలో చూడాలి, రేకుల కప్పు మీద వాన మొదలైతే ఇంటర్వ్యూ ఆపించాలి. మాట అయిపోయాక అందరూ కదలబోతుంటే, ఒక్క నిమిషం ఎవరూ మాట్లాడకండి అని ఆపి ఆ చోటి ఆంబియెన్స్, అంటే మాటల్లేని నేపథ్య శబ్దం, రికార్డు చేసుకోవాలి. అది లేకపోతే ఎడిటింగ్‌లో ప్రతి కోత దగ్గరా చెవికి గుంత తగులుతుంది.

ఇవన్నీ పుస్తకాల్లో ఉంటాయి. పుస్తకాల్లో తక్కువగా కనిపించే పని ఇంకొకటుంది. కెమెరామన్ ఒక కన్ను వ్యూఫైండర్‌కు ఆనించి ఉంటుంది. ఆ చట్రం బయట ఏం జరుగుతోందో అతనికి తెలియదు. వెనక్కి నడుస్తూ షూట్ చేస్తుంటే కాలి కింద గొయ్యి ఉందో రాయి ఉందో కనపడదు. గుంపులో ఎవరి చేతిలో కర్ర లేచిందో, చెక్‌పోస్టు దగ్గర సైనికుడి ముఖం ఎప్పుడు మారిందో చూసేది కేబుల్ అవతలి మనిషి. అతను చొక్కా పట్టుకుని వెనక్కి లాగితే కెమెరామన్ మారు మాట్లాడకుండా కదలాలి. యుద్ధ ప్రాంతాల్లో ఈ పనిని సౌండ్ రికార్డింగ్ అని పిలవడం సగం మాత్రమే నిజం. కెమెరామన్ ప్రాణం అతని చేతుల్లో ఉంటుంది, అతని ప్రాణానికి మాత్రం కాపలా ఎవరూ ఉండరు.

కోరెమ్‌కు తిరిగి వద్దాం. అక్కడి దృశ్యాలు అంత బలంగా ఉండటానికి ఒక కారణం అమీన్ కెమెరా తొందరపడకపోవడం. తిప్పుతూ, జూమ్ చేస్తూ ఉద్వేగం పుట్టించే ప్రయత్నం లేదు. ముఖం మీద నిలబడి వేచి చూసింది. బర్క్ కూడా మాటలు తగ్గించి ఆ దృశ్యాలకు చోటిచ్చారు. అలా వదిలిన ఖాళీల్లోనే ఏడుపులు, దగ్గులు వినిపిస్తాయి. మాట లేని చోట వినపడాల్సినదాన్ని ఎవరో మైకు పట్టుకుని రికార్డు చేసి ఉంచబట్టే అది సాధ్యం.

ఇంకో కారణం, వాళ్లు అసలు అక్కడికి చేరగలగడం. ఇథియోపియా సైనిక ప్రభుత్వం 1984 సెప్టెంబర్‌లో తన పదో వార్షికోత్సవాన్ని అట్టహాసంగా జరుపుకుంది. ఉత్తరాన జనం చచ్చిపోతుంటే ఆ వార్త బయటికి పొక్కకుండా చూసింది. విదేశీ విలేఖరులకు ఉత్తర ప్రాంతాల అనుమతి లేదు. అడిస్ అబాబా అధికారులతో అమీన్‌కు ఏళ్ల తరబడి పరిచయాలున్నాయి. ఎవరి సంతకం కావాలో, ఎవరిని ఏ సమయంలో అడగాలో, విమానం ఎవరి దగ్గర దొరుకుతుందో ఆయనకు తెలుసు. లండన్ నుంచి వచ్చే విలేఖరి ఎంత సమర్థుడైనా ఈ పని వారం రోజుల్లో నేర్చుకోలేడు. ఒక ప్రాంతంలో పుట్టి పెరిగి, ఇరవై ఏళ్లు అక్కడే పనిచేసిన మనిషికే అది ఉంటుంది. ఇప్పుడు దీన్నే ఫిక్సింగ్ అని వేరే ఉద్యోగంగా పిలుస్తున్నారు, దానికీ తెరమీద పేరు ఉండదు.

ఈ కథనం మీద వచ్చిన విమర్శను కూడా సూటిగా చెప్పుకోవాలి. కరువుకు కారణం వాన పడకపోవడం ఒక్కటే కాదు. టిగ్రే, ఎరిత్రియా ప్రాంతాల్లో ప్రభుత్వానికీ తిరుగుబాటుదారులకూ యుద్ధం నడుస్తోంది. తిరుగుబాటు ప్రాంతాలకు తిండి చేరకుండా చేయడం ఆ యుద్ధంలో భాగం. తర్వాత లక్షలాది మందిని ఉత్తరం నుంచి దక్షిణానికి బలవంతంగా తరలించారు. దాన్ని బహిరంగంగా తప్పుపట్టిన ఒక ఫ్రెంచ్ వైద్య సంస్థను 1985 చివర్లో దేశం నుంచి పంపేశారు. టీవీ ప్రేక్షకుడికి మాత్రం కనిపించింది ఎండిన నేల, ఎముకల గూడుగా మారిన పిల్లలు. ఆకలిని కెమెరా చూపించగలదు. ఆకలిని ఆయుధంగా వాడాలన్న నిర్ణయం ఒక గదిలో జరుగుతుంది, అక్కడికి కెమెరాను రానివ్వరు. దాన్ని మాటల్లో చెప్పాల్సింది విలేఖరి, స్టూడియో. అనుమతి ఇచ్చింది ఆ ప్రభుత్వమే అయినప్పుడు ఎంత చెప్పగలరన్నది ఇంకో చిక్కు. ఆఫ్రికా అంటే ఆకలి అన్న ముద్ర గట్టిపడటంలో ఆ దృశ్యాల పాత్ర లేదని నేను అనను. అయితే ఆ దృశ్యాలు లేకపోతే ధాన్యం కదిలేది కాదు. ఆ కరువులో చనిపోయినవాళ్ల సంఖ్య నాలుగు లక్షల నుంచి పది లక్షల దాకా అని రకరకాల అంచనాలున్నాయి. ఆలస్యమైతే అది ఇంకా పెరిగేదే.

1991 మే 28న తిరుగుబాటు దళాలు అడిస్ అబాబాలోకి ప్రవేశించాయి. వారం తిరగకుండానే, జూన్ 4న, నగరంలో ఒక ఆయుధ గిడ్డంగి అంటుకుంది. అమీన్, మాథై అక్కడికి వెళ్లారు, బర్క్ కూడా ఉన్నారు. వాళ్లు దగ్గర్లో ఉండగానే గిడ్డంగి భారీగా పేలింది. జాన్ మాథై అక్కడే చనిపోయారు. అమీన్ ఎడమ చెయ్యి పోయింది.

ఆ తర్వాత ఏం జరిగిందో అమీన్ విషయంలో బాగా నమోదైంది. విద్యుత్తుతో పనిచేసే కృత్రిమ చెయ్యి పెట్టించుకున్నారు, దానితో కెమెరా నడపడం నేర్చుకున్నారు, మళ్లీ పనిలోకి వచ్చారు. అది అసాధారణమైన పట్టుదలే, సందేహం లేదు. మాథై గురించి వెతికితే 'సౌండ్‌మన్ కూడా మరణించారు' అన్న వాక్యమే మళ్లీ మళ్లీ ఎదురవుతుంది. ఆయన ఏ ఊరివాడు, పని ఎక్కడ నేర్చుకున్నాడు, ఎన్ని యుద్ధాలు తిరిగాడు అన్నవి ఆ వాక్యంలో లేవు. నాకు ఇది బాధ కలిగిస్తుంది. ఆయన రికార్డు చేసిన శబ్దాలు ఆర్కైవుల్లో ఉన్నాయి, వాటి మీద ఆయన పేరు లేదు.

ఇది ఒక్కసారి జరిగింది కాదు. 1993 జులై 12న సోమాలియా రాజధాని మొగదిషులో అమెరికా హెలికాప్టర్లు ఒక ఇంటి మీద దాడి చేశాయి. ఆ నష్టాన్ని చిత్రీకరించడానికి వెళ్లిన జర్నలిస్టుల మీద ఆగ్రహించిన గుంపు తిరగబడింది. నలుగురు చనిపోయారు: ఫొటోగ్రాఫర్లు డాన్ ఎల్డన్, హోస్ మైనా, హాన్సీ క్రాస్, రాయిటర్స్ సౌండ్ టెక్నీషియన్ ఆంథొనీ మచారియా. కెన్యా కెమెరామన్ మొహమ్మద్ షఫీ గాయాలతో బయటపడ్డారు. మచారియా వయసు ఇరవై రెండు దాటలేదు. ఎల్డన్ డైరీలు పుస్తకమయ్యాయి, ఆయన జీవితం మీద సినిమా వచ్చింది. ఎల్డన్ ప్రతిభను తక్కువ చేయడం నా ఉద్దేశం కాదు. డైరీలు రాసుకునే తీరిక, వాటిని దాచి అచ్చువేయించే కుటుంబం, పరిచయాలు ఉన్నవాళ్ల కథలు మిగులుతాయని మాత్రం ఒప్పుకోవాలి.

అమీన్‌కు సొంత సంస్థ ఉంది, సొంత నెగెటివ్‌లున్నాయి. సౌండ్ రికార్డిస్టుకు ఏముంటాయి? శబ్దం దృశ్యంతో కలిసిపోయాక విడిగా అమ్ముడుపోదు. రోజుకింత అని కూలి, పరికరాలు సొంతవైతే వాటికి అద్దె. షూటింగ్ అయిపోతే సంబంధం అయిపోయినట్టే.

ఆ ఉద్యోగం కూడా వార్తల్లోంచి మెల్లగా పోయింది. 1982లో సోనీ బీటాకామ్ అనే వీడియో పద్ధతి తెచ్చింది. కెమెరా, రికార్డర్ ఒకే పెట్టెలోకి వచ్చాయి, కేబుల్ అక్కర్లేకుండా పోయింది. మైకును కెమెరా మీదే బిగించొచ్చు, వైర్‌లెస్ మైకు చొక్కాకు తగిలించొచ్చు. ఖర్చు లెక్కలు చూసేవాళ్లకు రెండో మనిషి దండగగా కనిపించాడు. ఒక్కరే షూట్ చేసి, ఒక్కరే ఎడిట్ చేసి పంపే పద్ధతి స్థిరపడింది. పంపడం కూడా తేలికైంది. ఒకప్పుడు నైరోబీ విమానాశ్రయంలో లండన్ వెళ్లే ప్రయాణికుణ్ని బతిమాలి ఫిల్మ్ డబ్బా చేతికిచ్చేవారు. 1970లో లోంగొనాట్ పర్వతం దగ్గర ఉపగ్రహ కేంద్రం వచ్చింది, కానీ ఉపగ్రహ సమయం ఖరీదైన వ్యవహారం. 2009లో సముద్రగర్భ కేబుళ్లు మొంబాసా చేరాక, ఇంటర్నెట్‌లోనే ఫుటేజ్ పంపడం మామూలైపోయింది. పోయింది ఏమిటంటే, కెమెరామన్ వెనక నిలబడి చుట్టూ చూసే ఆ రెండో జత కళ్లు. ఆ స్థానాన్ని ఏ పరికరమూ భర్తీ చేయలేదు.

సౌండ్ టెక్నీషియన్లు ఎక్కడికి పోయారు? డాక్యుమెంటరీలకు, ప్రకటనలకు, సహాయ సంస్థల వీడియోలకు, వన్యప్రాణి చిత్రాలకు. వన్యప్రాణి చిత్రాల్లో శబ్దం ఒక ప్రత్యేక లోకం. పెద్ద లెన్సుతో మూడొందల మీటర్ల దూరంలో సింహాన్ని దగ్గరగా చూపించొచ్చు, అంత దూరం నుంచి దాని అడుగుల చప్పుడు ఏ మైకుకూ దొరకదు. తెరమీద వినే అడుగులు ఎక్కువగా స్టూడియోలో చేసినవి. రాత్రిపూట మైదానంలో కీచురాళ్ల మోత, దూరంగా హైనా అరుపు, తెల్లవారే ముందు పక్షులు మాత్రం ఎవరో నిద్రమాని అక్కడ కూర్చుని రికార్డు చేసుకోవాల్సిందే.

అమీన్ కథ ముగింపు చాలామందికి తెలుసు. 1996 నవంబర్ 23న అడిస్ అబాబా నుంచి నైరోబీ వెళ్తున్న ఇథియోపియన్ ఎయిర్‌లైన్స్ 961 విమానాన్ని ముగ్గురు హైజాక్ చేశారు. ఆ విమాన సర్వీసు మొదలైంది మన బొంబాయి నుంచే. ఆస్ట్రేలియా తీసుకెళ్లమని పట్టుబట్టారు, ఇంధనం సరిపోదని కెప్టెన్ లెయుల్ అబాతె చెప్పినా వినలేదు. కొమొరోస్ దీవుల దగ్గర ఇంధనం అయిపోయి విమానం సముద్రంలో దిగి ముక్కలైంది. 175 మందిలో 125 మంది చనిపోయారు. అమీన్, ఆయనతో ప్రయాణిస్తున్న సహచర రచయిత బ్రయాన్ టెట్లీ వారిలో ఉన్నారు. అమీన్ వయసు 53. చివరి నిమిషాల్లో ఆయన సీట్లోంచి లేచి హైజాకర్లతో వాదించారని బతికినవాళ్లు చెప్పారు.

కొడుకు సలీం కెమెరాపిక్స్‌ను కొనసాగించారు. తండ్రి పేరుతో నైరోబీలో ఫౌండేషన్ పెట్టి ఆఫ్రికా యువతకు టీవీ జర్నలిజంలో శిక్షణ ఇప్పించారు. ఈ పని నేర్పే చోట్లు అంతకుముందు లేకపోలేదు. కెన్యా ప్రభుత్వ మాస్ కమ్యూనికేషన్ సంస్థ 1960ల నుంచీ ప్రసార సాంకేతిక నిపుణులను తయారుచేస్తోంది. దర్శకురాలు మీరా నాయర్ 2004లో ఉగాండాలో స్థాపించిన మైషా ఫిల్మ్ ల్యాబ్ తూర్పు ఆఫ్రికా యువతకు రచన, దర్శకత్వంతోపాటు ఛాయాగ్రహణం, శబ్దం కూడా నేర్పింది. వార్తల్లో తగ్గిన అవకాశాలు కథాచిత్రాల్లో కొంత దొరుకుతున్నాయంటే ఇలాంటి చోట్ల వల్లే.

విదేశీ సినిమాలు కూడా అక్కడికి వస్తున్నాయి. 2025లో రాజమౌళి బృందం కెన్యాలో షూటింగ్ చేసిన సంగతి తెలుగువాళ్లందరికీ తెలుసు. మన సినిమాల్లో ఎక్కువ భాగం ఇప్పటికీ డబ్బింగే. షూటింగ్‌లో రికార్డయ్యే మాటలు పైలట్ ట్రాక్‌గానే ఉంటాయి, తర్వాత డబ్బింగ్ థియేటర్లో మళ్లీ చెప్పిస్తారు. కాబట్టి సింక్ సౌండ్ (షూటింగ్‌లోనే అసలు మాటలు రికార్డు చేసే పద్ధతి) నేర్చుకున్న నైరోబీ టెక్నీషియన్‌కు ఇలాంటి షూటింగుల్లో పెద్దగా చోటు ఉండదు. కెమెరా అసిస్టెంట్లకు, లైట్‌మెన్‌కు, డ్రైవర్లకు, అనుమతులు చూసే స్థానిక ఏజెంట్లకు పని దొరుకుతుంది. సింక్ సౌండ్ సినిమాలు పెరిగేకొద్దీ ఇది మారవచ్చు.

ఏ బృందం వెళ్లినా స్థానికుల వైపు నుంచి తేల్చుకోవాల్సినవి మూడున్నాయి: టైటిల్స్‌లో పేరు, ప్రమాద బీమా, తీసినదాని మీద కొంతైనా హక్కు. వార్తల్లో ఫ్రీలాన్సర్ల కోసం 1995లో బ్రిటన్‌లో రోరీ పెక్ ట్రస్ట్ ఏర్పడింది. గాయపడినవాళ్లకు, చనిపోయినవాళ్ల కుటుంబాలకు అది సాయం చేస్తోంది. అది మాథై, మచారియా పోయాక వచ్చింది. పైగా సాయం వేరు, ఒప్పందం వేరు. బయటి సంస్థ నైరోబీలో మూడు రోజులకు ఒక సౌండ్ రికార్డిస్టును మాట్లాడుకున్నప్పుడు అతని బీమా ఎవరు కట్టాలన్నది ఫోన్లో తేలకూడదు. బయల్దేరే ముందే కాగితం మీద ఉండాలి, లండన్ నుంచి వచ్చిన విలేఖరికి ఎంత మొత్తానికి బీమా ఉందో అతనికీ అంతే ఉండాలి.